టీవీ క్రైమ్ ఎపిసోడ్ రాయడం ఎలా?

స్టేషన్‌లో ఎస్సై బల్ల గుద్దగానే హంతకుడు భోరుమని ఏడ్చి, చేసిందంతా పూసగుచ్చినట్టు చెప్పేస్తాడు. కొత్తవాళ్ల స్క్రిప్టులు చాలావరకు ఇలాగే ముగుస్తున్నాయి. కోర్టులో ఈ ముగింపు ఒక్క పూట కూడా నిలవదు. వరంగల్ నేపథ్యంగా అరగంట ఎపిసోడ్‌ను సరిగ్గా రాసే పద్ధతి ఇది.

కావలసినవి

రూళ్ల పొడుగు నోటుబుక్కు, తెల్ల కార్డుల కట్ట, పెన్ను. తొలి ప్రతి చేత్తోనే రాయాలి. హనుమకొండ అదాలత్ దగ్గరి కోర్టుల్లో రెండు మూడు క్రిమినల్ కేసుల విచారణ కూర్చుని వినండి.

కథ, వన్‌లైన్ ఆర్డర్ (ఒక్కో లైనులో సీన్ల వరుస)

శవం ఎక్కడ దొరికిందో ముందు తేల్చుకోండి. కాజీపేట ప్లాట్‌ఫారం మీద దొరికితే కేసు రైల్వే పోలీసులది, స్టేషన్ బయటి వీధిలో అయితే వరంగల్ పోలీసు కమిషనరేట్‌ది. ప్రకటనలు పోగా కథకు దక్కేది సుమారు 22 నిమిషాలు. మొదటి విరామంలోపే హంతకుడు తెర మీద కనిపించి తీరాలి. కవల సోదరుల మలుపు వద్దు.

రికవరీ సీను

రికవరీ అంటే నిందితుడు చెప్పగా దాచిన వస్తువు పోలీసులకు దొరకడం. పోలీసుల ముందు ఇచ్చిన నేరాంగీకారం నిందితుడి మీద సాక్ష్యంగా చెల్లదు. 2024 జూలై 1 నుంచి అమల్లో ఉన్న భారతీయ సాక్ష్య అధినియంలోని 23వ సెక్షన్ చెప్పేది ఇదే, పాత చట్టంలోనూ ఇదే. ఒక్క మినహాయింపు ఉంది. కస్టడీలో ఉన్న నిందితుడు చెప్పిన మాట వల్ల ఏదైనా బయటపడితే, ఆ బయటపడిన దానికి సంబంధించిన ముక్క వరకే చెల్లుతుంది.

దీని మీద దేశమంతటా ఉదహరించే తీర్పు తెలుగు నేలదే. 1946లో ప్రీవీ కౌన్సిల్ (బ్రిటిష్ కాలంలో చివరి అప్పీలు కోర్టు) తేల్చిన పులుకూరి కోటయ్య కేసులో ఒక నిందితుడు బల్లెం గడ్డివాములో దాచానని, వస్తే చూపిస్తానని చెప్పాడు. దాచిన చోటు గురించిన మాటను సాక్ష్యంగా తీసుకోవచ్చన్నారు, చంపామన్న మాటను కాదు. మీ డైలాగుకు కూడా అక్కడే గీత గీయండి. ‘కత్తి దాచాను, చూపిస్తాను’ వరకు చాలు. ఆ కత్తితో చంపింది ఇతనేనని రక్తపు మరక, సాక్షి, పాత పగ విడిగా నిరూపించాలి.

జాగ్రత్త! కత్తి ఉన్న చోటు పోలీసులకు ముందే తెలిసినట్టు అంతకుముందు సీనులో ఎక్కడా రాకూడదు. వస్తే రికవరీ మొత్తం కుప్పకూలుతుంది. పంచులుగా, అంటే స్వాధీనానికి సాక్షులుగా, బయటివాళ్లు ఉండాలి, కానిస్టేబుళ్లను నిలబెట్టకండి. స్వాధీనం చేసుకుంటున్నప్పుడు వీడియో తీయాలన్న కొత్త నిబంధననూ మరవద్దు.

ఈ సీనును ఏనుమాముల మిర్చి యార్డులో పెట్టండి. బస్తాల వరుసల మధ్య నిందితుడు ముందు నడవాలి, ఎస్సై వెనక. ఘాటుకు పంచులిద్దరూ తుమ్ముతుంటారు, ఫోనులో వీడియో తీస్తున్న కానిస్టేబుల్ కళ్లు నీళ్లు కారుతుంటాయి. ఏళ్లుగా అక్కడే హమాలీ పని చేసిన నిందితుడికి తుమ్ము రాదు. అతని చేయి ఒక బస్తా మీద ఆగుతుంది. మిగతావన్నీ పురికొసతో కుట్టినవి, అదొక్కటే నైలాన్ దారంతో. ఇక్కడ ఒక్క మాట కూడా రాయకండి.

మలుపు ముందు అనుకుని సాక్ష్యాలు తర్వాత వెతుక్కునే పద్ధతి నాకు సమ్మతం కాదు. కోర్టులో నిలిచే సాక్ష్యం నుంచి వెనక్కి అల్లుకుంటూ వస్తేనే కథ గట్టిపడుతుంది. ప్రకటనల రంగం నుంచి వచ్చిన అమెరికన్ రచయిత, నిర్మాత డిక్ వుల్ఫ్ 1990లో మొదలుపెట్టిన ‘లా అండ్ ఆర్డర్’ టీవీ సీరియల్‌లో ఎపిసోడ్ మొదటి సగం పోలీసులది, రెండో సగం ప్రాసిక్యూటర్లది. సరిగా పట్టుకోని కేసు ఎలా వీగిపోతుందో అక్కడ కళ్ల ముందే కనిపిస్తుంది.

మిగిలినవి

నిర్మాతగా లెక్క వేసుకుని లొకేషన్లు నాలుగుకు మించనివ్వకండి, రాత్రి సీన్లు తగ్గించండి. అరెస్టు చేసిన 24 గంటల్లోపు, ప్రయాణ సమయం కాక, నిందితుణ్ని మేజిస్ట్రేట్ ముందు హాజరుపరచాలి. చివరి సీను అదే, ఒక పేజీ దాటకూడదు. టైపు చేయించాక క్రిమినల్ కేసులు వాదించే న్యాయవాదితో రికవరీ సీను చదివించండి. ఆయన పెన్సిల్ గీత పెట్టిన చోటల్లా తిరగరాయండి.