చిన్న ఇంగ్లిష్ ఫుట్‌బాల్ క్లబ్బు చరిత్రను కూర్చడం ఎలా?

ఇంగ్లండ్ ఫుట్‌బాల్‌లో పై నాలుగు అంచెల్లో కలిపి 92 క్లబ్బులు ఆడతాయి. వాటికి దిగువన ఉన్నవాటన్నిటినీ అక్కడివారు ‘నాన్‌లీగ్’ క్లబ్బులంటారు. పెద్ద క్లబ్బు ఆడిన ప్రతి ఆట స్కోరూ ఎక్కడో ఒకచోట భద్రంగా దొరుకుతుంది. నాన్‌లీగ్ క్లబ్బు గతం మాత్రం పాత కార్యదర్శి ఇంటి అటక మీది పెట్టెలోనూ, స్థానిక వారపత్రిక చివరి పేజీలోనూ, వయసు మళ్లిన అభిమానుల జ్ఞాపకాల్లోనూ చెదిరిపోయి ఉంటుంది. దానిని కూర్చే పద్ధతిని దక్షిణ లండన్‌లోని డలిచ్ హామ్లెట్ క్లబ్బును ఉదాహరణగా తీసుకుని వివరిస్తాను. గులాబీ, ముదురు నీలం రంగుల చొక్కాలు ధరించే ఈ క్లబ్బు 1893లో పుట్టింది, 1907లో లండన్, దాని పరిసరాల నాన్‌లీగ్ క్లబ్బులు ఆడే ఇస్త్మియన్ లీగ్‌లో చేరింది.

రాత మొదలుపెట్టే ముందు సీజన్‌కొక వరుస చొప్పున పట్టిక గీసుకోవాలి. ఇంగ్లండ్‌లో సీజన్ ఆగస్టులో మొదలై మరుసటి సంవత్సరం మే వరకు సాగుతుంది కనుక, 1920లో గెలిచిన కప్పు 1919-20 వరుసలోకి రావాలి. ఈ చిన్న విషయంలో పొరపాటు చేసినవారి పట్టికలు చివరికి ఒక సంవత్సరం పక్కకు జరిగిపోతాయి. రెండు ప్రపంచ యుద్ధాల కాలంలో మామూలు పోటీలు నిలిచిపోయాయి కాబట్టి ఆ వరుసలు ఖాళీగా ఉన్నాయని కంగారు పడనక్కరలేదు. అయితే యుద్ధకాలంలో క్లబ్బు ఎవరిని కోల్పోయిందో వెతికి అక్కడే రాయాలి. అన్ని గడులకంటే ముఖ్యమైనది చివరిది: ఈ వివరం ఎక్కడ దొరికింది, ఏ తేదీ పత్రికలో, ఏ పేజీలో. ఆ గడిని ఖాళీగా వదిలిన చరిత్రను తరువాతివారు నమ్మలేరు.

తరువాతి పని పాత పత్రికలు చదవడం. బ్రిటిష్ న్యూస్‌పేపర్ ఆర్కైవ్‌లో చందా కట్టి ఎన్నో స్థానిక పత్రికలను ఇంటి నుంచే వెతకవచ్చు, మిగిలినవాటి కోసం ఆ ప్రాంతపు స్థానిక చరిత్ర గ్రంథాలయానికి వెళ్లాలి. సొంత ఊరి పత్రికతో సరిపెట్టుకోకుండా ప్రత్యర్థి ఊరి పత్రికనూ చదవడం నా దృష్టిలో తప్పనిసరి. డబ్బు తీసుకోకుండా ఆడే అమెచ్యూర్ జట్ల కోసం జరిగిన అమెచ్యూర్ కప్ 1932 ఫైనల్‌లో డలిచ్ 7-1 తేడాతో మెరీన్ క్లబ్బును ఓడించింది. మెరీన్‌ది లివర్‌పూల్ సమీపంలోని క్రాస్బీ. ఒకే ఆటను గెలిచిన ఊరు, ఓడిన ఊరు ఎలా చూశాయో పక్కపక్కన పెట్టుకుంటే తప్ప నిజమైన కథనం తయారు కాదు. డలిచ్ ఆ కప్పును 1920, 1932, 1934, 1937లలో నాలుగుసార్లు గెలుచుకుంది.

ప్రతి క్లబ్బుకూ ఒక వీరుడు ఉంటాడు, అతని చుట్టూ కథలు అల్లుకుంటాయి. డలిచ్‌కు ఆ వీరుడు ఎడ్గార్ కెయిల్. డబ్బు తీసుకోకుండా ఆడిన ఈ ఆటగాడు 1929 మే నెలలో ఇంగ్లండ్ పూర్తిస్థాయి జట్టుకు మూడు ఆటలు ఆడాడు. ఫ్రాన్స్‌పై రెండు గోల్స్ కొట్టాడు, మాడ్రిడ్‌లో స్పెయిన్ చేతిలో ఇంగ్లండ్ 4-3తో ఓడిన ప్రసిద్ధమైన ఆటలోనూ ఉన్నాడు. మైదానానికి వెళ్లే దారికి నేటికీ అతని పేరే ఉంది. ఇటువంటి వ్యక్తి గురించి రాసేటప్పుడు అంతర్జాతీయ రికార్డుతో సరిపోలిన మాటను నిజమని రాయాలి. అభిమానులు చెప్పుకునే మిగతా కథను ‘చెప్పుకుంటారు’ అని వేరుగా రాస్తే కథకూ గౌరవం దక్కుతుంది, చరిత్రకూ నష్టం ఉండదు.

ఎక్కువ సమయం పెట్టవలసినది మైదానం మీద. చిన్న క్లబ్బు బతుకూ చావూ దాని నేలతోనే ముడిపడి ఉంటాయి. స్కాట్లాండ్ జాతీయ గ్రంథాలయం ఉచితంగా చూపించే పాత ఆర్డ్‌నెన్స్ సర్వే (బ్రిటన్ ప్రభుత్వ పటాల సంస్థ) పటాలను వరుసగా పరిశీలిస్తే, ఆట స్థలం ఏ దశాబ్దంలో ఎక్కడికి జరిగిందో కళ్లకు కడుతుంది. డలిచ్ వారి ఛాంపియన్ హిల్ మైదానంలో 1933 అమెచ్యూర్ కప్ ఫైనల్‌కు 20,744 మంది వచ్చారు, ఆ రోజు ఆడినవి మాత్రం కింగ్‌స్టోనియన్, స్టాక్‌టన్ జట్లు. 1948 లండన్ ఒలింపిక్స్‌లో కొరియా మెక్సికోను 5-3తో ఓడించినదీ అక్కడే. ఆ పాత మైదానం స్థలంలో సూపర్‌మార్కెట్ రాగా, పక్కనే కట్టిన చిన్న స్టేడియం 1992లో తెరుచుకుంది. 2018 మార్చిలో స్థలం యజమానులతో వచ్చిన వివాదంలో క్లబ్బు ఆ స్టేడియానికీ దూరమై, టూటింగ్ అండ్ మిచమ్ క్లబ్బు మైదానంలో తలదాచుకుంది. అలా పరాయి నేల మీద ఆడుతూనే ఆ వసంతంలో పై అంచెకు ఎదిగి, డిసెంబరులో సొంత గూటికి చేరుకుంది. ఇటువంటి ఘట్టాలకు పురపాలక సంఘపు ప్రణాళికా దస్త్రాలు, కంపెనీల వివరాలను నమోదు చేసే ప్రభుత్వ కార్యాలయమైన కంపెనీస్ హౌస్‌లో ఉచితంగా దొరికే దాఖలాలు పత్రికా కథనాలకంటే గట్టి ఆధారాలు.

విలీనాల విషయంలో వంశవృక్షం గీయకుండా ముందుకు వెళ్లరాదు. 1948 ఒలింపిక్స్‌లో మన భారత జట్టు ఫ్రాన్స్ చేతిలో 2-1తో ఓడింది తూర్పు లండన్‌లోని ఇల్ఫర్డ్‌లోనే. ఆ ఊరి ఇల్ఫర్డ్ క్లబ్బు 1979లో లేటన్‌స్టోన్‌తో కలిసింది. ఆ జంట క్లబ్బులో 1988లో వాల్తమ్‌స్టో అవెన్యూ కలిసింది, ఆ తరువాత దాని పేరు రెడ్‌బ్రిడ్జ్ ఫారెస్ట్‌గా మారింది, అది 1992లో డాగెనమ్‌తో కలవగా నేటి డాగెనమ్ అండ్ రెడ్‌బ్రిడ్జ్ ఏర్పడింది. 1987లో ఇల్ఫర్డ్ పేరుతోనే మరొక కొత్త క్లబ్బు పుట్టింది. పేరు ఒకటే కదా అని ఇద్దరి ట్రోఫీలనూ ఒకే ఖాతాలో వేస్తే అది చరిత్ర కాదు.

1974ను ఒక గడపగా గుర్తుంచుకోవాలి. ఆ సంవత్సరం ఇంగ్లండ్ ఫుట్‌బాల్ అసోసియేషన్ అమెచ్యూర్, ప్రొఫెషనల్ అన్న తేడాను తొలగించింది, అమెచ్యూర్ కప్పు కూడా అంతటితో ముగిసింది. అంతకు ముందు ఒక ఆటగాణ్ణి అమెచ్యూర్ అని రాస్తే అది అతని హోదా, ఆ తరువాత రాస్తే అర్థం లేని మాట.

పెద్దవారి జ్ఞాపకాలను చివరికి వాయిదా వేయరాదు, కాగితాలు ఆగుతాయి గాని మనుషులు ఆగరు. టికెట్లు చింపినవారిని, చొక్కాలు ఉతికినవారిని, టీ కాచినవారిని కూడా అడగాలి. వారి మాటలను అనుమతితో రికార్డు చేసి, తేదీలను మాత్రం పట్టికతో సరిచూసుకోవాలి. పుస్తకం అచ్చయ్యాక ఒక ప్రతిని నెల రోజుల్లోగా బ్రిటిష్ లైబ్రరీకి పంపడం చట్టప్రకారం ప్రచురణకర్త బాధ్యత. మరొక ప్రతిని, దానితోపాటు పట్టికనూ రికార్డింగులనూ ఆ ప్రాంతపు స్థానిక చరిత్ర గ్రంథాలయానికి అప్పగించాలి.