అసింక్ టెస్టులు, 4వ భాగం: ఫ్రేమ్‌వర్క్ దేనికోసం ఆగుతుంది?

పోయిన భాగంలో ఒక అసింక్ మెథడ్ (పని పూర్తయ్యేలోపే పిలిచినవాళ్ళ దగ్గరికి తిరిగొచ్చేయగలిగేది) రాసి దానికి టెస్ట్ కూడా పెట్టుకున్నాం, రన్ చేస్తే గ్రీన్, అంటే పాస్, వచ్చింది. ఇప్పుడు ఆ టెస్ట్‌లో రావాల్సిన విలువ 5 అని ఉన్నచోట కావాలనే 500 అని మార్చి మళ్ళీ రన్ చేయండి. ఫెయిలైతే సరే, ఇంకా గ్రీనే వస్తుంటే మాత్రం మీ టెస్ట్ ఏమీ చెక్ చేయట్లేదని అర్థం. నేను మొదట్లో రాసిన కొన్ని టెస్టులు నెలల తరబడి ఇలాగే గ్రీన్‌గా ఉన్నాయి, వాటిలో విలువ సరిచూసే అసర్ట్ ఒక్కటి కూడా టైమ్‌కి నడవట్లేదని తర్వాతెప్పుడో తెలిసింది, అది కూడా వేరే బగ్ వెతుకుతుంటే.

ఎందుకలా అవుతుందంటే, టెస్టులు నడిపే ఫ్రేమ్‌వర్క్‌కి మన మెథడ్ లోపల ఏం జరుగుతుందో కనిపించదు. డాట్‌నెట్‌లో అది రిఫ్లెక్షన్‌తో (రన్ అయ్యేటప్పుడు మెథడ్‌ని వెతికి) మెథడ్‌ని పిలుస్తుంది, మెథడ్ తిరిగొచ్చేలోపు ఎక్సెప్షన్ రాలేదా, అయితే పాస్. మామూలు మెథడ్‌కి అంతే చాలు. కానీ అసింక్ మెథడ్ అలా కాదు, అవెయిట్ (ఈ పని అయ్యాకే ముందుకెళ్ళు అనే మాట) దగ్గరికి వచ్చేసరికి అవతలి పని ఇంకా పూర్తవకపోతే అక్కడే ఆగి పిలిచినవాళ్ళ దగ్గరికి తిరిగొచ్చేస్తుంది, మిగతా సగం, అంటే మన అసర్ట్ ఉన్న సగం, తర్వాత ఎప్పుడో నడుస్తుంది. అప్పటికి రిజల్ట్ రాసేయడం అయిపోయింది కదా!

అందుకే మెథడ్ ఏదో ఒకటి చేతికివ్వాలి, అదే టాస్క్, అంటే ఇంకా జరుగుతున్న పనికి గుర్తుగా ఉండే ఆబ్జెక్ట్. పిలిచాక వచ్చిన ఆబ్జెక్ట్ టాస్క్ అయితే ఫ్రేమ్‌వర్క్ అది పూర్తయ్యేదాకా ఆగి, అందులో ఎక్సెప్షన్ ఉంటే ఫెయిల్ అని రాస్తుంది. ఇక్కడొక చిన్న మెలిక: టాస్క్ మీద వెయిట్ అని పిలిస్తే అసలు ఎక్సెప్షన్ అగ్రిగేట్‌ఎక్సెప్షన్‌లో చుట్టుకుని వస్తుంది, అదే గెట్‌అవెయిటర్ ద్వారా గెట్‌రిజల్ట్ పిలిస్తే అసలుదే బయటికొస్తుంది. మీరే సొంతంగా బుల్లి టెస్ట్ రన్నర్ రాస్తే ఇది గుర్తుపెట్టుకోండి.

మరి అసింక్ వాయిడ్ సంగతేంటి? చేతికి ఏమీ ఇవ్వదు, అయినా కొన్ని ఫ్రేమ్‌వర్క్‌లు దానికోసం కూడా ఆగేవి, నాకైతే ఆ ట్రిక్ చాలా నచ్చింది. అసింక్ వాయిడ్ మెథడ్ మొదలయ్యేటప్పుడు అప్పుడున్న సింక్రొనైజేషన్‌కాంటెక్స్ట్‌కి (మిగతా సగం ఎక్కడ నడవాలో చూసుకునే ఆబ్జెక్ట్) ఆపరేషన్‌స్టార్టెడ్ అని చెప్తుంది, అయిపోయాక ఆపరేషన్‌కంప్లీటెడ్ అని చెప్తుంది, మధ్యలో ఎక్సెప్షన్ వస్తే దాన్నీ ఆ కాంటెక్స్ట్‌కే పోస్ట్ చేస్తుంది. కాబట్టి ఫ్రేమ్‌వర్క్ టెస్ట్‌ని పిలిచేముందే తన సొంత కాంటెక్స్ట్ పెట్టేసి, మొదటి కబురు రాగానే కౌంట్ ఒకటి పెంచి, రెండోది రాగానే తగ్గించి, సున్నా అయ్యేదాకా కూర్చుంటే సరిపోతుంది. డాట్‌నెట్ టెస్ట్ ఫ్రేమ్‌వర్క్‌లైన ఎన్‌యూనిట్ 2.6 రోజుల్లోనూ ఎక్స్‌యూనిట్ రెండో వెర్షన్‌లోనూ ఇది ఉండేది, ఎన్‌యూనిట్ 3లో తీసేశారు, ఎక్స్‌యూనిట్ కూడా మూడో వెర్షన్‌లో వద్దనేసింది. తీసేయడమే మంచిదయింది, టాస్క్ అని ఒక్క మాట రాస్తే పోయేదానికి ఇంత తతంగం ఎందుకు.

ఇంకో చోట కూడా దెబ్బ తింటారు, ఎక్సెప్షన్ వచ్చిందా అని చెక్ చేసే అసర్ట్ త్రోస్‌అసింక్ దగ్గర. ఎక్స్‌యూనిట్‌లో అది టాస్క్ ఇస్తుంది కాబట్టి ముందు అవెయిట్ పెట్టకపోతే మళ్ళీ మొదటికొచ్చినట్టే. ఎన్‌యూనిట్‌లో అదే పేరున్న మెథడ్ తనే ఆగి ఎక్సెప్షన్ ఇస్తుంది, అవెయిట్ అక్కర్లేదు. ఒకదాన్నుంచి ఇంకోదానికి కోడ్ కాపీ చేసేవాళ్ళు జాగ్రత్త.

జావాస్క్రిప్ట్‌లో టాస్క్ బదులు ప్రామిస్, దాన్ని రిటర్న్ చేయాలి, లేదా టెస్ట్ ఫంక్షన్‌ని అసింక్ చేసి లోపల అవెయిట్ పెట్టాలి. పాత పద్ధతి డన్ అనే కాల్‌బ్యాక్, పని అయ్యాక దాన్ని మనమే పిలవాలి. మీ ఫంక్షన్ డన్ అడుగుతోందో లేదో మోకా అనే టెస్ట్ ఫ్రేమ్‌వర్క్‌కి ఎలా తెలుస్తుందంటే, ఫంక్షన్‌కి ఎన్ని పారామీటర్లున్నాయో లెంగ్త్ చూస్తుంది, అంతే. డన్ పిలవకపోతే టైమౌట్ వస్తుంది, మామూలుగా మోకాలో 2 సెకన్లు, అలాంటిదే అయిన జెస్ట్‌లో 5 సెకన్లు. అసర్ట్ ఫెయిలై డన్ దాకా వెళ్ళకపోయినా చాలాసార్లు టైమౌట్ అనే చూపిస్తుంది, అది చూసి టైమౌట్ పెంచుకుంటూ పోకండి, లోపల అసలేం ఫెయిలైందో చూడండి.

పైథాన్‌లో ఇంకా విచిత్రం, మామూలు యూనిట్‌టెస్ట్ టెస్ట్‌కేస్ క్లాస్‌లో అసింక్ టెస్ట్ రాస్తే అది కొరూటీన్ (ఇంకా మొదలుకాని పని) ఇచ్చి ఊరుకుంటుంది, లోపలి మొదటి లైన్ కూడా నడవదు. 3.8లో వచ్చిన ఐసొలేటెడ్‌అసింక్ఐఓటెస్ట్‌కేస్ వాడితే అసింక్ పనుల్ని నడిపే ఈవెంట్ లూప్‌ని తనే నడుపుతుంది.

హోంవర్క్: మీ ప్రాజెక్ట్‌లో అసింక్ వాయిడ్ అని వెతికి, టెస్ట్ ఫైళ్ళలో దొరికిన ప్రతిదాన్నీ టాస్క్‌గా మార్చి రన్ చేయండి. ఎన్ని ఎర్రబడ్డాయో రాసిపెట్టుకోండి, వచ్చే భాగం వాటితోనే మొదలుపెడదాం.