అనంతపురం ఏడాది వానను మిశ్రచాపులో వాయించడం ఎలా?

ఒక ఏడాది వాన మొత్తాన్ని మిశ్రచాపు అనే ఏడు లెక్కల తాళంలో పెట్టి రెండు నిమిషాల లోపు చెవితో వినొచ్చు. లెక్కలను శబ్దాలుగా మార్చే ఈ పద్ధతిని సోనిఫికేషన్ అంటారు. రేడియేషన్ ఉందని టకటకమంటూ చెప్పే గైగర్ కౌంటర్ చేసే పని కూడా ఇదే. 2013లో అమెరికాలోని మిన్నెసోటా విశ్వవిద్యాలయ విద్యార్థి ఒకరు 1880 నుంచి ఉన్న భూమి ఉష్ణోగ్రతలను ఏడాదికో స్వరం చొప్పున సెల్లో మీద వాయించి వినిపించారు. మనకు సెల్లో అక్కర్లేదు. హార్మోనియమో చిన్న కీబోర్డో, అదీ లేకుంటే ఫోన్‌లో పియానో యాప్, సమానమైన ఎడంతో టిక్కుటిక్కుమనే ఒక మెట్రోనోమ్ యాప్, గళ్ల నోటుపుస్తకం ఉంటే సరి. సంగీతం రాకపోయినా పర్వాలేదు, ఏడు దాకా తడబడకుండా లెక్కపెట్టగలిగితే చాలు.

ఎన్నో లెక్కలుండగా వానే ఎందుకంటే, అనంతపురంలో ఏడాదికి పడేది సుమారు 550 మిల్లీమీటర్లే. పైగా ఆ అంకె ఒక్కటే చూస్తే ఏమీ తెలియదు. ఏడాది మొత్తం సగటుకు చేరినా చేను ఎండిపోవచ్చని ఇక్కడి రైతుకు వేరే చెప్పాలా? వాన ఎంత పడింది అన్నదానికంటే, మధ్యలో ఎన్నాళ్లు మొహం చాటేసింది అన్నదే అసలు విషయం. పట్టికలో సున్నాలుగా కళ్ల ముందు నుంచి జారిపోయే ఆ ఎడం తాళంలో పెడితే స్పష్టంగా వినిపిస్తుంది.

లెక్క సంపాదించడం

ఒకే మండలానిది, ఒకే వర్షమాపకానిది, రోజువారీ లెక్క తీసుకోండి. ఒకరోజు రాప్తాడుది, మరోరోజు కళ్యాణదుర్గానిది కలిపితే పాట చెడుతుంది. మన దగ్గర వాన పొలం గట్టు చూసుకుని ఆగిపోయే రకం కదా. వానాకాలంలో పేపర్ జిల్లా పేజీలో మండలాలవారీగా వేసే వర్షపాతాన్ని రోజూ రాసిపెట్టుకున్నా సరిపోతుంది.

సొంతంగా కొలుస్తామంటే అంచులు నిటారుగా ఉన్న డబ్బాను మిద్దె మీద, చెట్టూ గోడా అడ్డం లేనిచోట పెట్టి, స్కేలుతో నీటి లోతు చూడండి. పైన వెడల్పు, కింద సన్నం ఉండే గ్లాసు వద్దు. అది ఉన్నదానికంటే ఎక్కువ వాన చూపిస్తుంది. వాతావరణ శాఖ ఉదయం 8:30కి అంతకుముందు 24 గంటల లెక్క తీస్తుంది. కాబట్టి ఆదివారం రాత్రి దంచిన వాన సోమవారం అంకెలో కనబడుతుంది. దాన్ని సరిచేయబోకండి, ఏడాదంతా ఒకే తీరుగా ఉంటే చాలు.

అంకెకు స్వరం

రాగం అమృతవర్షిణి పెట్టుకుందాం. వానల రాగమని పేరు, కరువు సీమకు ఎగతాళిలా అనిపిస్తే అనిపించనీ. అసలు కారణం వేరే ఉంది. ఇందులో స గ మ ప ని అని ఐదే స్వరాలు. వాతావరణ శాఖ వానను విడగొట్టే మెట్లతో చక్కగా జతపడతాయి.

0.1 నుంచి 2.4 మిల్లీమీటర్ల తుంపరకు స. 2.5 నుంచి 15.5 దాకా తేలికపాటి వానకు గ. 15.6 నుంచి 64.4 దాకా మోస్తరు వానకు మ. 64.5 నుంచి 115.5 దాకా భారీ వానకు ప. 204.4 దాకా అతి భారీ వానకు ని. అది కూడా దాటితే పై స. వాన లేని రోజుకు ఏమీ లేదు, చుక్క పెట్టి వదిలేయండి.

కీబోర్డు మీద రెండు నల్లమెట్ల గుంపుకు ఎడమ పక్కనే ఉన్న తెల్లమెట్టు స అనుకుంటే, ఆ గుంపు దాటగానే వచ్చే తెల్లమెట్టు గ. మూడు నల్లమెట్ల గుంపులో మొదటిది మ. ఆ నల్లమెట్టుకు కుడివైపు తెల్లమెట్టు ప. గుంపు దాటాక వచ్చే తెల్లమెట్టు ని.

తాళం

మిశ్రచాపుకు ఏడు అక్షరాలు, అంటే ఏడు సమానమైన లెక్కలు: తకిట తకధిమి. వారానికి ఏడు రోజులు. ఒక రోజుకు ఒక అక్షరం వేస్తే వారం ఒక ఆవర్తనం, అంటే తాళం ఒక చుట్టు అవుతుంది. ఏడాదికి 52 ఆవర్తనాలు పోగా ఒక రోజు మిగులుతుంది. నోటుపుస్తకంలో వరసకు ఏడు గళ్లు తీసుకుని రాయండి. ఒక వారం 0, 0, 3.2, 22, 0, 0, 1.4 అని ఉందనుకుందాం. ఆ వరస ఇలా వస్తుంది:

• • గ మ • • స

జనవరి నుంచి మొదలుపెట్టొద్దు. మృగశిర కార్తె ప్రవేశించే జూన్ 8 ప్రాంతం నుంచి ఎత్తుకోండి. కార్తె 13 లేదా 14 రోజులు, అంటే ఇంచుమించు రెండు ఆవర్తనాలు. కొత్త కార్తె వచ్చిన గడి కింద గీత పెట్టి, అక్కడ బల్ల మీద ఒక దెబ్బ వేయండి. 13 రోజుల కార్తె వచ్చినప్పుడు దెబ్బ ఒక అక్షరం ముందుకు జరుగుతుంది, జరగనివ్వండి. "ఆరుద్ర కురిస్తే దారిద్ర్యం లేదు" అన్న సామెతను మీ మండలం లెక్కతో తేల్చుకోవడానికి ఈ దెబ్బలే ఆధారం.

వాయించడం

మెట్రోనోమ్ నిమిషానికి 210 దగ్గర పెడితే వారం రెండు సెకన్లు, ఏడాది నిమిషం 44 సెకన్లు. మొదట 105లో సాధన చేయండి. వెనక శ్రుతి, అంటే ఆగకుండా పలికే స, సన్నగా మోగుతూ ఉండాలి.

ఇక్కడే అందరికీ చెయ్యి దురద పుడుతుంది. పది పన్నెండు అక్షరాలు ఖాళీగా పోతుంటే మధ్యలో స్వరాన్ని ఊపే ఒక గమకమో, సొంతంగా అల్లిన ఒక సంగతో వేసేద్దామనిపిస్తుంది. వేయొద్దు. జూలైలో వేసిన శెనక్కాయకు ఆగస్టులో పూత వచ్చి ఊడలు దిగుతాయి, అప్పుడే నేలలో తడి ఉండాలి. ఆశ్లేష, మఖ కార్తెల దెబ్బల మధ్య మీ చెయ్యి ఊరికే ఉండిపోయిందంటే ఆ ఏడాది పంట సంగతి అర్థమైనట్టే. తర్వాత అక్టోబర్‌లో ఎన్ని మ-లు, ప-లు వచ్చినా మొత్తం పెరుగుతుందే కానీ కాయ ఊరదు.

కడప వైపువాళ్లకు బంగాళాఖాతం వాయుగుండాల పుణ్యమా అని అక్టోబర్, నవంబర్ గట్టిగా పలుకుతాయి. 2021 తీసుకుంటే మాత్రం చెయ్యేరు మీద అన్నమయ్య ప్రాజెక్టు కట్ట తెగిన నవంబర్ వారం వస్తుంది. అక్కడ స్వరాన్ని సాగదీసి హంగులు చేయకండి, మిగతా అక్షరాలంతే పొడవు చాలు.

రికార్డు చేసేముందు ఫోన్ సెట్టింగ్స్ చూసుకోండి. కొన్ని యాప్‌లలో నిశ్శబ్దాన్ని దాటేసే ఆప్షన్ ఉంటుంది. అది ఆన్‌లో ఉంటే ఎండిన రోజులన్నీ ఎగిరిపోయి అనంతపురం కాస్తా కోనసీమ అయిపోతుంది. రెండు వేర్వేరు ఏళ్లవి రికార్డు చేసి, ఏది ఏ ఏడాదో చెప్పకుండా ఇంట్లో సేద్యం చేసిన పెద్దవాళ్లకు వినిపించండి. బల్ల దెబ్బలు కార్తెలని మాత్రం ముందే చెప్పాలి, లేకుంటే "ఏందిరా ఈ టకటక" అంటారు.