సీరియల్‌కీ సినిమాకీ కెమెరామన్ మార్చుకోవాల్సిన లెక్కలు

రెండుచోట్లా పనిచేసే కెమెరామన్ సెట్‌లోకి రాగానే ముందు ఫ్రేమ్ రేట్ (సెకనుకి ఎన్ని ఫ్రేములు) అడగాలి. సినిమాకి సాధారణంగా 24, మన టీవీకి 25. మన కరెంటు 50 హెర్ట్జ్ కాబట్టి 25 దగ్గర 180 డిగ్రీల షట్టర్ (ఫ్రేము సమయంలో సగం సేపు తెరిచి ఉండేది) పెడితే ఒక్కో ఫ్రేముకి వెలుతురు పడే సమయం సరిగ్గా సెకనులో 50వ వంతు వస్తుంది, ట్యూబులైట్లు మినుకుమనవు. 24కి మార్చి 180 అలాగే వదిలేస్తే 48వ వంతు అవుతుంది. గోడమీద వెలుతురు అలలాగా కదులుతుంది. అప్పుడు 172.8 డిగ్రీలు పెట్టండి, మళ్లీ 50వ వంతు వస్తుంది. కొన్ని చౌక ఎల్‌ఈడీ బల్బులు దీనికీ లొంగవు, వాటిని తీసేయించడమే మేలు.

సీరియల్‌లో రెండు మూడు కెమెరాలు ఒకేసారి తిరుగుతాయి. ఒకదానికి అందంగా కుదిరిన కీ లైటు (ముఖంమీద పడే ప్రధాన లైటు) పక్కదానికి ముక్కు నీడ పొడుగ్గా చూపిస్తుంది. పైనుంచి పెద్ద తెల్లగుడ్డ గుండా మెత్తటి వెలుతురు దింపి, కీ లైటుకీ, నీడల్ని తగ్గించే ఫిల్ లైటుకీ వెలుతురు తేడా 2:1 దగ్గర ఉంచండి. సినిమాలో రాత్రి సీనుకి 8:1 దాకా వెళ్లొచ్చు, షాట్‌కో లైటింగ్ చేసుకునే తీరిక ఉంటుంది గనుక (నిర్మాత ఊరుకుంటే).

వైట్ బ్యాలెన్స్ (తెలుపుని తెల్లగా చూపించే సర్దుబాటు) ఆటోలో అసలు పెట్టొద్దు. ఎర్రచీర ఫ్రేములోకి రాగానే ముఖం రంగు మారిపోతుంది. అన్ని కెమెరాలకీ ఒకే కెల్విన్ అంకె (వెలుతురు రంగు కొలత) చేత్తో పెట్టండి.

ప్యాచ్ షూట్ (మిగిలిపోయిన ముక్కల్ని తర్వాత తీయడం) ఎప్పుడైనా పడొచ్చు. లెన్స్, స్టాప్ (లెన్స్ ఎంత తెరిచామో), లైటు దూరం అసిస్టెంటుతో రాయించి ఉంచండి.