ఎక్స్‌పీ ఖాతా రాసుకునే పద్ధతి

మొన్న ఎండాకాలం సెలవుల్లో ఒక రాత్రి మా అక్క కొడుకు వరంగల్ నుంచి ఫోన్ చేశాడు. "చిన్నమ్మా, వుడ్‌కటింగ్ 85 అయింది. ఇంక పద్నాలుగే ఉన్నయ్. అయిపోవచ్చింది" అన్నాడు. గొంతులో ఎంత సంతోషమో. వాడికి ఓల్డ్ స్కూల్ రూన్‌స్కేప్ అనే ఆ ఆన్‌లైన్ ఆట చూపించిందే నేను. అందులో వుడ్‌కటింగ్ అంటే చెట్లు కొట్టే స్కిల్, ఏ స్కిల్‌కైనా చివరి లెవల్ 99. ఆ సంతోషం చెడగొట్టాలనిపించలేదు, కానీ అబద్ధం చెప్పడం అంతకన్నా ఇష్టం లేదు. "బిడ్డా, నీది పావు వంతే అయింది" అన్నాను. ఫోన్‌లో చాలాసేపు ఏమీ వినిపించలేదు.

కూకట్‌పల్లిలో ఒక ఆఫీసులో లెక్కలు రాయడం నా ఉద్యోగం. ఇల్లు దిల్‌సుఖ్‌నగర్. 2018 అక్టోబరులో ఈ ఆట ఫోన్లలోకి వచ్చాక, మెట్రోలో వస్తూ పోతూ మొదలుపెట్టాను. చాలామంది పిల్లలు మా వాడిలాగే లెవల్ నంబరు చూసి మోసపోతున్నారు. చివరికి విసుగొచ్చి, ఇంత మంచి ఆటను మధ్యలో వదిలేస్తున్నారు. అందుకే నా ఖాతా పుస్తకం పద్ధతి ఇక్కడ రాస్తున్నాను.

మొదట తెలుసుకోవాల్సింది లెవల్ వెనక ఉన్న లెక్క. ఈ ఆటలో ఒక్కో లెవల్ దాటడానికి పట్టే ఎక్స్‌పీ (పని చేసినకొద్దీ వచ్చే అనుభవ పాయింట్లు) అంతకు ముందు లెవల్ కన్నా సుమారు పది శాతం ఎక్కువ. ఆ పది శాతాలు పేరుకుని ప్రతి ఏడు లెవళ్ళకూ మొత్తం రెట్టింపవుతుంది. లెవల్ 50 కి 1,01,333. 57 కి 2,03,254. 64 కి 4,07,015. 71 కి 8,14,445. 78 కి 16,29,200. 85 కి 32,58,594. 92 కి 65,17,253. 99 కి 1,30,34,431. ఈ ఎనిమిది అంకెలనూ ఒక కాగితం మీద రాసి పెట్టుకోండి, చాలా పనికొస్తాయి. 92 దగ్గర సగం, 85 దగ్గర పావు. 75 చేరిన మనిషి పదో వంతు కూడా దాటలేదు. బ్యాంకు వడ్డీ తెలిసినవాళ్ళకు ఇది చక్రవడ్డీ అంటే చాలు.

కాబట్టి నా పుస్తకంలో లెవల్ అనే గడే లేదు. ఎడమవైపు ఇప్పుడున్న ఎక్స్‌పీ, కుడివైపు కావలసిన ఎక్స్‌పీ, మధ్యలో తేడా. స్కిల్స్ పేజీలో ఇప్పటి ఎక్స్‌పీ ఎంతో ఆటే చూపిస్తుంది. ఆ తేడాను ఒక్క పనికి వచ్చే ఎక్స్‌పీతో భాగిస్తే ఎన్నిసార్లు ఆ పని చేయాలో తేలుతుంది. మా వాడికి ఆ రాత్రే చేసి చూపించాను. 85 నుంచి 99 కి మిగిలింది 97,75,837. విల్లో చెట్టు దుంగ ఒక్కటికి 67.5. అంటే ఇంకా 1,44,828 దుంగలు. "అమ్మో!" అన్నాడు.

అప్పుడు అసలు ప్రశ్న అడిగాను. "నీకు 99 ఎందుకు రా?" కాసేపు నసిగి, నిజం చెప్పాడు. ఆట మొదలుపెట్టిన రోజు నుంచీ వాడికి కావలసింది డ్రాగన్ స్లేయర్ అనే క్వెస్ట్ (ఆట ఇచ్చే సాహసం) చేసి, ఎల్వార్గ్ అనే డ్రాగన్‌ను చంపి, రూన్ ప్లేట్‌బాడీ అనే కవచం తొడుక్కోవడం. చెట్లు కొట్టడం తేలిక కాబట్టి సెలవులంతా అక్కడే ఉండిపోయాడు. దెబ్బ కాచుకునే స్కిల్, అంటే వాడి డిఫెన్స్, చూస్తే 12.

ఇదే అందరికీ నేను మొదట చెప్పే మాట. ముందు గడప పేరు రాయండి. గడప అంటే ఏదో ఒక తలుపు తెరిపించేది: ఒక క్వెస్ట్, ఒక ఆయుధం, ఒక ప్రదేశం. "ఎటాక్ 40, రూన్ సిమిటర్ కోసం" అని రాస్తే అది గడప. "ఎటాక్ పెంచాలి" అని రాస్తే కాదు. గడప తెలిశాక అక్కడి నుంచి వెనక్కి లెక్క వేసుకుంటూ రావాలి.

మా వాడి డ్రాగన్ లెక్క పూర్తిగా చెబుతాను, ఎందుకంటే నాకు చాలా ఇష్టమైన లెక్క ఇది. రూన్ ప్లేట్‌బాడీ తొడగాలంటే డిఫెన్స్ 40 ఉండాలి, డ్రాగన్ స్లేయర్ పూర్తవ్వాలి. డిఫెన్స్ 40 అంటే 37,224 ఎక్స్‌పీ. ఆ క్వెస్ట్ బహుమతిలో డిఫెన్స్‌కు 18,650, స్ట్రెంగ్త్‌కు 18,650 వస్తాయి. 37,224 లోంచి 18,650 తీసేస్తే 18,574. లెవల్ 33 మొదలయ్యేది 18,247 దగ్గర. అంటే 33 దాటి కొద్దిగా వెళ్ళి ఆగిపోతే చాలు, మిగతా దూరం క్వెస్టే మోసుకెళ్తుంది. డ్రాగన్‌ను చంపి క్వెస్ట్ పూర్తి చేసిన మరుక్షణం 40 చేరి కవచం తొడుక్కోవచ్చు.

మా వాడి దగ్గర అప్పుడు సరిగ్గా 1,584 ఉంది. ఇంకా 16,990 కావాలి. డిఫెన్సివ్ పద్ధతిలో కొడితే శత్రువుకు తగిలిన ఒక్కో దెబ్బ పాయింటుకు 4 ఎక్స్‌పీ డిఫెన్స్‌కు వస్తుంది. అంటే 4,248 పాయింట్ల దెబ్బ. అరగంట ఆడి, ముందూ వెనకా ఎక్స్‌పీ రాసి చెప్పమన్నాను. 3,200 వచ్చింది. అంటే ఆరు అరగంటలు. సెలవులంతా వేల దుంగలు నరికిన పిల్లవాడి కోరిక ఆరు అరగంటల దూరంలో ఉంది! ఆ రాత్రి వాడికన్నా నాకే నిద్ర పట్టలేదు.

అరగంట కొలిచి చూడమన్నది ఊరికే కాదు. గంటకు ఇంత వస్తుందని ఎవరో చెప్పిన అంకెను మీ పుస్తకంలో ఎప్పుడూ రాయకండి. వాళ్ళు పెద్ద స్క్రీన్ మీద, కళ్ళు తిప్పకుండా ఆడి చెప్పిన అంకె అది. మీరు కుక్కర్ విజిళ్ళు లెక్కపెట్టుకుంటూ ఆడతారు. మీ అంకె మీరే తెచ్చుకోవాలి. మూడు రోజులు కొలిచి, అందులో తక్కువ వచ్చిన రోజుది తీసుకోండి.

క్వెస్టుల ఎక్స్‌పీ గురించి ఒక ముఖ్యమైన సంగతి. ఎక్స్‌పీ ముందు వచ్చినా వెనక వచ్చినా మొత్తం అంతే. కానీ మొదటి లెవళ్ళలో మన దెబ్బ బలహీనం, గురి తప్పుతుంది, గంటలు ఊరికే పోతాయి. ఆ చేదు గంటలను క్వెస్టులతో దాటేయాలి. డబ్బు కట్టి మెంబర్‌షిప్ తీసుకున్నవాళ్ళకు వాటర్‌ఫాల్ క్వెస్ట్ ఉంది. దానికి ఏ స్కిల్ లెవలూ అక్కర్లేదు. ఎటాక్‌కు 13,750, స్ట్రెంగ్త్‌కు 13,750 ఇస్తుంది. లెవల్ 30 కి కావలసింది 13,363. అంటే రెండూ ఒకటి నుంచి ముప్ఫైకి ఒకేసారి ఎక్కుతాయి. అదే పని లంబ్రిడ్జ్‌లో 5 ప్రాణాల గాబ్లిన్లతో చేయాలంటే 1,337 గాబ్లిన్లు. ముప్ఫై అయ్యాక అదే క్వెస్ట్ చేస్తే 36 కే చేరతారు. దారిలో గ్లారియల్ సమాధిలోకి ఆయుధం, కవచం తీసుకెళ్ళనివ్వరు, అందుకని తిండి బాగా పెట్టుకుని, ఎదురైనవాళ్ళతో తలపడకుండా పరుగెత్తాలి.

ఉచితంగా ఆడేవాళ్ళకూ ఇలాంటి గొలుసులున్నాయి. డోరిక్స్ క్వెస్ట్‌కు 6 మట్టి, 4 రాగి ఖనిజం, 2 ఇనుప ఖనిజం ఇస్తే మైనింగ్‌కు 1,300 వస్తుంది. లెవల్ 10 కి 1,154 చాలు కాబట్టి ఒకటి నుంచి పదికి ఎక్కుతారు. ఆ పది ఎందుకంటే, నైట్స్ స్వోర్డ్ క్వెస్ట్‌లో బ్లూరైట్ ఖనిజం తవ్వడానికి మైనింగ్ సరిగ్గా 10 కావాలి. ఆ క్వెస్ట్ స్మితింగ్‌కు 12,725 ఇస్తుంది, ఒకటి నుంచి 29 కి. ఒక తాళంచెవి ఇంకో తలుపు తీయడం చూస్తే నాకు ఇప్పటికీ ముచ్చటేస్తుంది. అలాగే వాంపైర్ స్లేయర్ ఎటాక్‌కు 4,825 ఇస్తుంది, లెవల్ 20 దాకా.

ఇక సమయం. నా దృష్టిలో ఎక్స్‌పీ ప్లానంటే సగం సమయం ప్లానే. రోజులోని ఏ ముక్కలో మనసు ఎంత ఖాళీగా ఉంటుందో చూసి, ఆ ముక్కకు సరిపోయే పని ఇవ్వాలి. దిల్‌సుఖ్‌నగర్‌లో రైలెక్కితే కేపీహెచ్‌బీ దాకా నాకు ముప్పావు గంట ఉంటుంది, రైలు మారే పని లేదు. సీటు దొరికిన రోజు ఆటలోని డ్రేనార్ ఊళ్ళో విల్లో చెట్లు. దుంగలు దాచే బ్యాంకు పక్కనే, చూపు అప్పుడప్పుడు పడితే చాలు. మహాత్మాగాంధీ బస్ స్టేషన్ దగ్గర జనం పోటెత్తినా నష్టం లేదు. నిలబడే రోజు ఒక చేయి పట్టీకి, ఇంకో చేతి బొటనవేలికి హై ఆల్కెమీ, అంటే వస్తువులను నాణేలుగా మార్చే మంత్రం. మ్యాజిక్ 55 ఉంటే చాలు, మూడు సెకన్లకోసారి వేయొచ్చు, ఒక్కోదానికి 65 ఎక్స్‌పీ. ప్రయాణంలో 900 దాకా పడాలి గానీ నాకు 500 పడతాయి, 32,500 ఎక్స్‌పీ. ఆ మంత్రానికి ఖర్చయ్యే నేచర్ రూన్ ధర, నాణేలుగా మార్చే వస్తువు ధర ఆ పొద్దున చూసుకోవాలి, లేకపోతే నాణేలు కరిగిపోతాయి. యుద్ధాలు, కొత్త క్వెస్టులు మెట్రోలో ఎప్పుడూ వద్దు. అమీర్‌పేటలో ఎవరి భుజమో తగిలి ఫోన్ కదిలితే ప్రాణం పోతుంది. వాటిని రాత్రి భోజనాలయ్యాక, గిన్నెలు కడిగేసి, నిమ్మళంగా కూర్చుని చేస్తాను.

విల్లో లెక్క కూడా చెబుతాను, ఎందుకంటే అందులో నేను ఒక తప్పు చేసి నేర్చుకున్నాను. వుడ్‌కటింగ్ 30 నుంచి 60 కి 2,60,379 కావాలి, 3,858 దుంగలు. గొడ్డలి చేతికి తొడుక్కుంటే సంచిలో 28 పడతాయి, 138 సంచులు. ఒక ప్రయాణానికి నాలుగు సంచులు, రోజుకు రెండు ప్రయాణాలు, 18 పని దినాలు అని రాసుకున్నాను. నిలబడ్డ రోజులు కలుపుకుని 23 పట్టాయి. అంతవరకు బాగుంది. 60 చేరగానే యూ చెట్ల దగ్గరకు వెళ్ళాను, దుంగకు 175 ఎక్స్‌పీ కదా అని. కానీ యూ చెట్టు చాలా నిదానంగా దుంగ ఇస్తుంది. వారం తర్వాత పుస్తకం చూస్తే గంటకు వచ్చే ఎక్స్‌పీ విల్లో కన్నా తగ్గింది. యూ దుంగ నాణేలకు మంచిది. ఎక్స్‌పీ కావాలంటే విల్లోనే కొట్టాలి. కొత్త లెవల్ తెరిచిన కొత్త పని ఎప్పుడూ వేగమైనదని అనుకోకండి. పాతదాన్ని, కొత్తదాన్ని ఒక్కో అరగంట కొలిచి చూసుకోండి.

బ్యాంకులో పోగైన ఆ 3,858 దుంగలు పుస్తకంలో ఇంకో స్కిల్ లెక్కకు పెట్టుబడి. విల్లో కాలిస్తే ఫైర్‌మేకింగ్‌కు 90 వస్తుంది. అప్పటికి నా ఫైర్‌మేకింగ్ 30 ఉంది. అన్నీ కాల్చేస్తే 62 దాకా వెళ్ళేదాన్ని. కానీ నా గడప వింటర్‌టాడ్ అనే మంచు శత్రువుతో పోరు, దానికి 50 చాలు. 978 దుంగలు కాల్చి ఆపేశాను. మిగతావి అమ్మి ఆ డబ్బుతో ఆల్కెమీకి రూన్లు కొన్నాను. గడప దాటాక కూడా అలవాటుగా అక్కడే నిలబడి ఉండటమే మనల్ని ఎక్కువ అలసిపోయేలా చేస్తుంది.

అప్పుడప్పుడు ఒక జీనీ వచ్చి దీపం ఇస్తుంది. అది మీరు ఎంచుకున్న స్కిల్‌కు దాని లెవల్‌కు పది రెట్లు ఎక్స్‌పీ ఇస్తుంది. చిన్న స్కిల్ మీద జాలిపడి అక్కడ వాడకండి. మీకు పెద్దదై, పెంచడానికి కష్టమైన స్కిల్ మీద వాడండి.

డబ్బులిచ్చి ఎవరితోనో లెవళ్ళు పెంచించుకోవడం, పాస్‌వర్డ్ ఇవ్వడం మాత్రం వద్దు. ఆట నియమాలకు విరుద్ధం, ఆటలో మీ ఖాతా మొత్తం పోవచ్చు.

మా వాడు ఇప్పుడు ఇంటర్ రెండో సంవత్సరం. మార్చిలో పరీక్షలు. అందుకని వాడి పుస్తకంలో మొదటి గడి నేనే రాశాను: రోజుకు ఒక్క అరగంట, అదీ రాత్రి చదువు అయ్యాక. ఆరు రోజుల్లో డిఫెన్స్ 18,576 దగ్గర ఆపాడు. దెబ్బకు నాలుగు చొప్పున వస్తుంది కదా, రెండు ఎక్కువైంది. డ్రాగన్ స్లేయర్ మొదలుపెట్టాలంటే క్వెస్టులు చేస్తే వచ్చే క్వెస్ట్ పాయింట్లు 32 కావాలి. వాడికి 21 ఉన్నాయి. మిగతా పదకొండు పాయింట్లు రెండు ఆదివారాల్లో ఉచిత క్వెస్టులతోనే తెచ్చుకున్నాడు. లంబ్రిడ్జ్ కోటలో డ్యూక్ హొరేషియో దగ్గర డ్రాగన్ మంట ఆపే డాలు అడిగి తీసుకోమని, సంచి నిండా స్వోర్డ్‌ఫిష్ పెట్టుకోమని చెప్పాను.

ఆదివారం రాత్రి తొమ్మిదిన్నరకు ఫోన్. వాడు ఏడుస్తున్నాడో నవ్వుతున్నాడో తెలియలేదు. "చిన్నమ్మా, చచ్చిపోయింది. తొడుక్కున్న." డిఫెన్స్ ఎంత ఉందో చూడమన్నాను. 37,226. నా పుస్తకంలో ఆ వరుస కింద గీత గీశాను. తర్వాతి గడప పేరు పరీక్షలయ్యాక రాద్దామన్నాడు, ఆ గడి ఖాళీగా వదిలాను.