కోర్టు సమన్లు సవాలు చేయడం, 3వ పాఠం: ఒంగోలులోనే తేల్చుకోవాలా, అమరావతి వెళ్లాలా

పోయిన పాఠంలో సమన్ల కాగితం చదవడం నేర్చుకున్నాం. సి.సి. నంబరు, సెక్షన్లు, వాయిదా తేదీ గుర్తుపట్టగలిగితే చాలు, ముందుకు పోదాం.

ఈసారి ఒక కేసు పట్టుకుందాం, ఊహించుకున్నదే గానీ మన వైపు ఇలాంటివి కొత్తేం కాదు. ఇందుకూరుపేట రైతు ఒకాయన ఒంగోలు డీలరు దగ్గర రొయ్యల మేత అప్పుకు తెచ్చాడు. రెండు పంటలకు డబ్బు కట్టేశాడు, మూడో పంటకు వైట్‌స్పాట్ తెగులు తగిలి చెరువంతా పోయింది, బాకీ నిలిచిపోయింది. డీలరు చీటింగ్ అంటూ 2025లో ఒంగోలు మెజిస్ట్రేట్ కోర్టులో ప్రైవేట్ కంప్లైంట్ (పోలీసుల ద్వారా కాకుండా నేరుగా కోర్టులో ఇచ్చే ఫిర్యాదు) వేశాడు, సమన్లు వచ్చాయి.

వెంటనే అందరూ చేసేది ఒకటే, తెలిసిన లాయరుకు ఫోన్ చేసి "క్వాష్ కొట్టించండి సార్" అనడం, అంటే హైకోర్టులో కేసే కొట్టేయించమనడం. కాస్త ఆగండి. మనం సవాలు చేసేది సమన్లు ఇమ్మని మెజిస్ట్రేట్ రాసిన ఉత్తర్వును, కాబట్టి ముందు ఆ ఉత్తర్వు, కంప్లైంటు, దానితో పెట్టిన కాగితాలు, డీలరు ప్రమాణం చేసి చెప్పిన వాంగ్మూలం, వీటన్నిటికీ సర్టిఫైడ్ కాపీలు అడగాలి. ఆ మెజిస్ట్రేట్ గారినే బతిమాలి సమన్లు వెనక్కి తీయించుకుందామంటే కుదరదు, అదాలత్ ప్రసాద్ కేసులో సుప్రీంకోర్టు 2004లోనే ఆ దారి మూసేసింది.

కాపీలు చేతికొచ్చాక అసలు పని. కేసు 2024 జూలై 1 తర్వాత వేసింది కాబట్టి బీఎన్ఎస్ఎస్ (క్రిమినల్ కేసులు నడిపే పద్ధతి చెప్పే కొత్త చట్టం) వర్తిస్తుంది, అంతకు ముందువైతే పాత సీఆర్‌పీసీ. బీఎన్ఎస్ఎస్ 223 ప్రకారం కాగ్నిజెన్స్ తీసుకునే ముందే, అంటే మెజిస్ట్రేట్ కేసును విచారణకు స్వీకరించే ముందే, నిందితుడి మాట వినే అవకాశం ఇవ్వాలి, ఇచ్చారా? మన రైతు ఉండేది నెల్లూరు జిల్లాలో, అంటే ఒంగోలు మెజిస్ట్రేట్ పరిధి బయట, అలాంటప్పుడు సమన్లకు ముందు 225 కింద విచారణ జరపాలి, జరిగిందా? ఇక అన్నిటికన్నా ముఖ్యం, మోసం చేయాలన్న ఉద్దేశం మొదట్నుంచీ ఉందని కంప్లైంటులో ఎక్కడైనా ఉందా? రెండు పంటలకు కట్టాడని డీలరే రాసి ఉంటే, ఆ ఒక్క వాక్యం కింద ఎర్ర గీత గీసి పెట్టుకోండి.

ఇప్పుడు దారులు రెండు. ఒకటి సెక్షన్ 438 కింద ఒంగోలు సెషన్స్ కోర్టులో రివిజన్, అంటే కింది కోర్టు ఉత్తర్వు సరైందో కాదో పై కోర్టు చూడడం. ఉత్తర్వు ఒంగోలుది కాబట్టి అక్కడే, రైతు ఉండేది నెల్లూరు వైపు అని నెల్లూరులో వేస్తే చెల్లదు. గడువు 90 రోజులు, సర్టిఫైడ్ కాపీకి పట్టిన రోజులు అందులో లెక్కకు రావు. రెండోది సెక్షన్ 528, పాత సీఆర్‌పీసీలో 482, అంటే హైకోర్టులో క్వాష్ పిటిషన్. దీనికి నిర్ణీత గడువు లేదు గానీ ఆలస్యం ఎందుకైందని అడుగుతారు. రివిజన్ అవకాశం ఉన్నంత మాత్రాన 528కి వెళ్లకూడదని లేదు, సుప్రీంకోర్టు 2016లో ప్రభు చావ్లా కేసులో అదే చెప్పింది.

నా మాట అడిగితే, లోపం 225 విచారణ జరగకపోవడం ఒక్కటే అయితే రివిజన్ చాలు, ఖర్చూ తక్కువ. కాకపోతే గెలిచినా కేసు చాలాసార్లు మళ్లీ అదే మెజిస్ట్రేట్ దగ్గరకు తిరిగొస్తుంది, విచారణ జరిపి మళ్లీ సమన్లు ఇవ్వొచ్చు. మన రైతు కేసులో నేరమే లేదని కంప్లైంటే చెబుతోంది కాబట్టి నేనైతే క్వాష్‌కే వెళ్తాను. భజన్‌లాల్ కేసు (1992)లో సుప్రీంకోర్టు క్వాష్ చేయొచ్చని చెప్పిన సందర్భాల్లో మొదటిది సరిగ్గా ఇదే: కంప్లైంటులో రాసిందంతా నిజమే అనుకున్నా నేరం కనబడకపోవడం. ఎవరి మాట నిజమో సాక్షులను పిలిచి తేల్చాల్సిన గొడవైతే మాత్రం హైకోర్టు చేయి పెట్టదు. అన్నట్టు, మీరు పినాకిని ఎక్స్‌ప్రెస్ ఎక్కి విజయవాడలో దిగి అమరావతిలో హైకోర్టు ఉండే నేలపాడు దాకా పోనక్కర్లేదు, వకాల్తా మీదా అఫిడవిట్ మీదా సంతకాలు చేసి పంపితే చాలు.

ఇంకొకటి, చాలామంది బోల్తాపడేది ఇక్కడే. పిటిషన్ వేయడం వేరు, స్టే రావడం వేరు. స్టే చేతికొచ్చేదాకా ఒంగోలు వాయిదాలకు హాజరు కావాల్సిందే, రాలేకపోతే లాయరుతో 228 కింద మినహాయింపు అడిగించాలి. హైకోర్టులో వేశాం కదా అని చెరువు గట్టున కూర్చుంటే వారంటు వస్తుంది.

అభ్యాసం: ఉత్తర్వు తేదీ మార్చి 3. కాపీకి మార్చి 10న దరఖాస్తు పెడితే 24న సిద్ధమైంది. రివిజన్‌కు ఆఖరి రోజు ఎప్పుడో క్యాలెండర్ ముందు పెట్టుకుని లెక్కేయండి. జవాబు 4వ పాఠంలో, అక్కడే గ్రౌండ్స్ (పిటిషన్‌లో చూపే కారణాలు) రాయడం మొదలుపెడదాం.