స్కాండినేవియా ప్రజల విప్లవ, యుద్ధకాల చరిత్రను మన ఊళ్లో చదువుకొనే పద్ధతి

1788 నుంచి 1814 వరకు డేన్‌లు, నార్వేవారు, స్వీడన్‌వారు, ఫిన్‌లు, సామీలు గడిపిన కాలం మన చరిత్ర పాఠాల్లో తరచుగా నెపోలియన్ కథకు చివర తగిలించిన రెండు వాక్యాలుగా మిగిలిపోతుంది. విజయనగరంలో గానీ శ్రీకాకుళంలో గానీ పోటీ పరీక్షలకు చదువుకొనే పిల్లలు కీల్ సంధి తేదీని కంఠస్థం చేస్తారు గాని, ఆ సంధి వల్ల నార్వే ప్రజలందరూ తమను ఎవరూ అడగకుండానే ఒక రాజు చేతి నుంచి మరొక రాజు చేతికి మారిపోయారన్న సంగతిని గమనించరు. ఈ చరిత్రను ఇంట్లో గాని, గ్రంథాలయంలో నలుగురు కూర్చొని గాని చదవదలచినవారికి నేను సూచించే పద్ధతికి ఆధారం ఒకే ప్రశ్న: ప్రతి యుద్ధం తరువాతా, ప్రతి సంధి తరువాతా ఎవరి రాజు మారాడు, ఎవరి బతుకు మారింది అని విడివిడిగా అడిగి, రెండు జవాబులనూ రాసుకోవాలి.

మొదట ఒక పెద్ద చార్టు మీద పటం గీయండి. నేటి అయిదు దేశాల పటంతో మొదలుపెడితే మొదటి రోజే దారి తప్పుతారు. ఎందుకంటే 1788లో అక్కడ ఉన్నవి రెండే రాజ్యాలు. డెన్మార్క్, నార్వే ఒకే రాజు కింద ఉండేవి; ఐస్‌లాండ్, ఫారో దీవులు, గ్రీన్‌లాండ్ కూడా ఆ రాజువే. ఫిన్‌లాండ్ స్వీడన్‌లో భాగం. ఈ రెండు రాజ్యాలకూ రెండు రంగులు వేశాక, ఉత్తరాన సరిహద్దును లెక్కచేయకుండా అటూ ఇటూ పరచుకొనే మూడో రంగుతో సామీల నేలను గుర్తించండి. రెయిన్‌డీర్ మందలతో ఋతువును బట్టి తిరిగే ఆ జనానికి సరిహద్దు దాటే హక్కు ఉందని 1751 నాటి సరిహద్దు ఒప్పందపు అనుబంధం అంగీకరించింది. ఈ మూడో రంగును చాలామంది మరచిపోతారు. అది లేకపోతే తరువాతి కథ సగమే అర్థమవుతుంది.

తరువాత పటం పక్కన రెండు నిలువు వరుసలు గీసి, ఒకదానిలో అక్కడి సంవత్సరాలు, రెండోదానిలో మన ఉత్తరాంధ్ర సంవత్సరాలు రాయండి. 1790 జూలై 9, 10 తేదీల్లో స్వెన్స్‌క్‌సుండ్ దగ్గర స్వీడన్ నౌకాదళం రష్యా నౌకాదళాన్ని ఓడించింది. నాలుగేళ్ల తరువాత 1794 జూలై 10న పద్మనాభం దగ్గర కంపెనీ సేనతో పోరాడి విజయనగర ప్రభువు చిన విజయరామరాజు మరణించాడు. ఈ రెండింటికీ సంబంధం ఉందని నేను చెప్పడం లేదు. తెలిసిన తేదీ పక్కన తెలియని తేదీ ఉంటే మనసులో నిలుస్తుంది, అంతే.

అయితే ఈ వరుసల్లో ఒక పోలిక మాత్రం జ్ఞాపకానికే కాక ఆలోచనకూ పనికివస్తుంది. డెన్మార్క్‌లో 1733 నుంచి అమలులో ఉన్న కట్టుబాటు ప్రకారం రైతు కుటుంబంలో పుట్టిన మగవాడు భూస్వామి అనుమతి లేకుండా తాను పుట్టిన ఎస్టేటును విడిచి పోకూడదు. 1764 తరువాత నాలుగేళ్ల పిల్లవాడి నుంచి నలభై ఏళ్లవాడి వరకు అందరికీ ఇదే నిబంధన. దానిని 1788 జూన్ 20న రద్దు చేశారు. రద్దు పూర్తిగా అమలుకు వచ్చేసరికి 1800 అయింది. సరిగ్గా ఆ దశాబ్దం దాటగానే, 1802లో, మన ఉత్తర సర్కార్లలో కంపెనీ శాశ్వత శిస్తు పద్ధతిని తెచ్చి జమీందారీని స్థిరపరచింది. అక్కడ భూస్వామి పట్టు సడలుతున్న కాలంలో ఇక్కడ చట్టం జమీందారు పక్షాన నిలబడింది. అలాగని డెన్మార్క్ సంస్కరణను అందరికీ దక్కిన వరంగా రాసుకోకండి. సొంత సాగు ఉన్న రైతు బాగుపడ్డాడు గాని, మన పల్లెల్లో కంబారి వంటి స్థితిలో ఉన్న భూమిలేని పాకవాసికి దక్కింది చాలా తక్కువ. ఎవరి బతుకు మారిందన్న ప్రశ్నను ఇక్కడే మొదటిసారి గట్టిగా వేయాలి.

జూన్ 20 అన్న తేదీని పట్టుకొంటే స్వీడన్ కథ కూడా చేతికి వస్తుంది. 1791 జూన్ 20 రాత్రి ఫ్రాన్స్ రాజకుటుంబం పారిస్ నుంచి పారిపోవడానికి ఏర్పాట్లు చేసినవాడు స్వీడన్ ప్రభువు ఆక్సెల్ ఫెర్సెన్. 1810 జూన్ 20న అదే ఫెర్సెన్‌ను స్టాక్‌హోంలో జనం వీధిలో కొట్టి చంపారు. యువరాజు కార్ల్ ఆగస్ట్ గుర్రం మీద నుంచి పడి మరణిస్తే, విషం పెట్టించింది ఫెర్సెనే అన్న వదంతి వారిని రెచ్చగొట్టింది. ఈ రెండు తేదీల నడుమ 1792 మార్చి 16న స్వీడన్ రాజు మూడవ గుస్తావ్‌పై సంగీత నాటకశాలలో జరిగిన కాల్పులను, 1809 మార్చిలో అతని కొడుకును గద్దె దించిన సంఘటనను, అదే ఏడు జూన్ 6న వచ్చిన కొత్త రాజ్యాంగాన్ని రాసుకొంటే చాలు. ఫ్రెంచి సేనాని బెర్నడోట్ 1810 ఆగస్టులో స్వీడన్ యువరాజుగా ఎన్నికైన కథ ఆసక్తికరమే గాని, దాని మీద ఎక్కువ పొద్దు గడపనవసరం లేదు.

ఎక్కువ సమయం కేటాయించవలసింది 1807కు. ఆ ఏడాది జూలైలో ఫ్రాన్స్, రష్యా చేతులు కలిపాయి. తటస్థంగా ఉన్న డెన్మార్క్ నౌకాదళం నెపోలియన్ వశమవుతుందేమోనన్న భయంతో బ్రిటన్ సెప్టెంబరు 2 నుంచి 5 వరకు కోపెన్‌హాగెన్ నగరం మీద గుండ్లు, రాకెట్లు కురిపించి ఆ నౌకలను పట్టుకుపోయింది. మైసూరు సైన్యం వాడిన రాకెట్లను చూశాకనే ఇంగ్లండులో కాంగ్రీవ్ ఆ ఆయుధాన్ని రూపొందించాడని విద్యార్థులకు తప్పక చెప్పండి. దెబ్బ తిన్న డెన్మార్క్ నెపోలియన్ పక్షాన చేరింది. ఫలితంగా 1808లో మన కోరమాండల్ తీరంలోని డేన్‌ల స్థావరం తరంగంబాడి బ్రిటిష్ వారి చేతికి పోయి, 1815 వరకు వారి అధీనంలోనే ఉంది.

అయితే ఈ యుద్ధపు బరువును మోసినవారు నార్వే పల్లెవారు. అప్పట్లో నార్వేకు తిండిగింజలు చాలేవి కావు. డెన్మార్క్ నుంచి ఓడల్లో రావలసి ఉండేది. బ్రిటిష్ ఓడలు సముద్రాన్ని దిగ్బంధించడంతో చెట్టు బెరడును పొడి చేసి పిండిలో కలిపి రొట్టె కాల్చుకొన్నారు. ఉప్పు కూడా కరువైంది. నౌపడ ఉప్పుమళ్లను చూసినవారికి, కళింగపట్నం తీరంలో చేపలు ఎండబెట్టే ఇళ్లలో పెరిగినవారికి, ఉప్పు లేకపోతే చేపల వేట మీద బతికే ఊరికి ఏమవుతుందో విడమరచి చెప్పనవసరం లేదు. అనుమతి లేని మతసభలు జరిపాడని 1804లో నిర్బంధించిన రైతుబిడ్డ, బోధకుడు హాన్స్ నీల్సెన్ హౌగేను, తీరంలో ఉప్పు తయారీ నెలకొల్పడం కోసం 1809లో ప్రభుత్వమే కొంతకాలం బయటికి పంపింది. ఒక ప్రభుత్వం తాను ఖైదు చేసిన మనిషినే ఉప్పు కోసం ఆశ్రయించవలసి వచ్చిందంటే, ఆ లేమి ఎంతటిదో సంధుల పట్టికకంటే స్పష్టంగా తెలుస్తుంది.

ఫిన్‌లాండ్ భాగానికి మన సరిహద్దు అనుభవమే ఆధారం. 1808 ఫిబ్రవరిలో రష్యా దండెత్తింది. 1809 సెప్టెంబరు 17న కుదిరిన సంధితో స్వీడన్ ఫిన్‌లాండ్‌ను, అంటే తన భూభాగంలో సుమారు మూడో వంతును, రష్యాకు కోల్పోయింది. ఫిన్‌ల చట్టాలను, మతాన్ని కాపాడతానని రష్యా చక్రవర్తి జార్ అలెగ్జాండర్ అంతకు ముందే ఫిన్‌లాండ్‌లోని పోర్వోలో జరిగిన సభలో మాట ఇచ్చాడు కాబట్టి రాజు మారినా న్యాయస్థానాలు, చర్చిలు మారలేదు. కొత్త సరిహద్దు టోర్నె, మువోనియో నదుల వెంట సాగి, ఒకే భాష మాట్లాడే ఊళ్లను రెండు గట్లకు పంచింది. 1936లో ఒడిశా ఏర్పడినప్పుడు పర్లాకిమిడి అటు, పాతపట్నం ఇటు ఎలా పడ్డాయో ఇంటి పెద్దలను అడిగి రండని విద్యార్థులకు చెప్పి, ఆ తరువాత ఈ పాఠం చదివించండి. సీతంపేట వైపు సవర కుటుంబాల బంధుత్వాలు తెలిసినవారికి సామీల సంగతి ఇంకా దగ్గరగా తోస్తుంది.

చివరి భాగం 1814. జనవరి 14న కీల్‌లో డెన్మార్క్ నార్వేను స్వీడన్‌కు అప్పగించింది. ఐస్‌లాండ్, ఫారో దీవులు, గ్రీన్‌లాండ్ మాత్రం డెన్మార్క్‌కే మిగిలాయి. ఆ అప్పగింతను ఒప్పుకోని నార్వే ప్రతినిధులు 112 మంది ఐడ్స్‌వోల్‌లో కూర్చొని మే 17న తమ రాజ్యాంగానికి సంతకాలు చేశారు. వేసవిలో స్వీడన్‌తో జరిగి మూడు వారాలకు లోపే ముగిసిన యుద్ధం తరువాత ఆగస్టు 14న బెర్నడోట్ ఆ రాజ్యాంగాన్ని అంగీకరించాడు. నవంబరు 4న నార్వే శాసనసభ స్వీడన్ రాజును తమ రాజుగా ఎన్నుకొంది. ఇది చదివించేటప్పుడు అదే రాజ్యాంగం యూదులకు దేశంలోకి ప్రవేశాన్ని నిషేధించిందని, ఆ నిషేధం 1851 వరకు నిలిచిందని కూడా చెప్పాలి.

ఇప్పుడు మొదటి చార్టు పక్కన రెండోది గీయించండి. ఫిన్‌లాండ్‌కు వేరే రంగు వేయాలి. నార్వే, స్వీడన్ సరిహద్దును చెరపకుండా, రెంటినీ 1905 వరకు ఒకే రాజు కింద చూపాలి. సామీల రంగును మాత్రం ఈసారీ గీతలకు అటూ ఇటూ పరచి, నార్వే, ఫిన్‌లాండ్ నడుమ 1852లో రష్యా సరిహద్దును మూసివేసిన చోట ఒక అడ్డగీత గీయాలి.